సూపర్ కమాండో ధ్రువ చరిత్రను పాఠకుల బీరువాల్లోనే వదిలేయకండి: డిపాజిట్ గ్రంథాలయాల అధికారులకు, కేంద్ర సాంస్కృతిక మంత్రిత్వ శాఖకు, హిందీ కామిక్స్ ప్రచురణకర్తలకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన అధికారులకు, ప్రచురణకర్తలకు నమస్కారం.

1987లో ఢిల్లీ నుంచి రాజ్ కామిక్స్ వారు వెలువరించిన 'ప్రతిశోధ్ కీ జ్వాలా'తో మొదలై, మూడు దశాబ్దాలకు పైగా హిందీ పాఠకులను వెంట తిప్పుకొన్న సూపర్ కమాండో ధ్రువ కామిక్స్ వరుసను సంచికలతో, తేదీలతో, పనిచేసినవారి పేర్లతో సహా భద్రపరచి, మామూలు పాఠకుడికి చదివే వీలు కల్పించమని కోరుతూ ఈ లేఖ రాస్తున్నాను. డిపాజిట్ గ్రంథాలయాలంటే, దేశంలో అచ్చయిన ప్రతి పుస్తకాన్నీ చట్టం ప్రకారం అందుకోవలసిన నాలుగు గ్రంథాలయాలు. ఇదే విషయం మీద హిందీలోనూ ఇంగ్లీషులోనూ ఇంతకుముందు పంపిన వినతులకు జవాబు రాలేదు. అవి ఏ కార్యాలయానికి వెళ్ళాయో ఇక్కడ చెప్పను. చెబితే ఆ కార్యాలయం సంజాయిషీతో వ్యవహారం ముగిసిపోతుంది, అసలు సంగతి ఉన్నచోటే ఉండిపోతుంది.

హిందీ కామిక్స్ గురించి తెలుగులో బహిరంగ లేఖ ఏమిటని మీకు అనిపించవచ్చు. బిలాస్‌పూర్, నాగ్‌పూర్, ఖరగ్‌పూర్ రైల్వే కాలనీల్లోనూ భిలాయి ఉక్కు పట్టణంలోనూ స్థిరపడిన తెలుగు కుటుంబాల పిల్లలు ఇంట్లో తెలుగు మాట్లాడుతూ, బడిలో హిందీ చదువుకుంటూ పెరిగారు. వారిలో చాలామందికి బడి పుస్తకాల బయట తమంతట తాము చదివిన మొదటి హిందీ ఈ కామిక్సే. నేనూ వారిలో ఒకడిని. హైదరాబాదులో హిందీ వచ్చిన పిల్లలు అబిడ్స్ ఆదివారపు ఫుట్‌పాత్ మీద పాత సంచికలు వెతుక్కొని కొనుక్కున్నారు. మీ అల్మారాల్లో లేని సంచికలు ఈ ఇళ్ళ అటకల మీద ఉండే అవకాశం ఉంది కనుక, ఆ ఇళ్ళవారికి కూడా ఈ మాట చేరాలని తెలుగులో రాస్తున్నాను.

ముందుగా, ఈ వరుస ఏమిటో తెలియని అధికారి ఎవరైనా ఉంటే వారి కోసం కొన్ని వివరాలు చెబుతాను. రాజా పాకెట్ బుక్స్ సంస్థ 1986లో నాగరాజ్ పాత్రతో రాజ్ కామిక్స్‌లో సూపర్ హీరోల కథలకు శ్రీకారం చుట్టింది. నాగరాజ్ ఒంట్లో విషం, మణికట్టు నుంచి పాములు. ఆ మరుసటి ఏడాది వచ్చిన ధ్రువకు అటువంటి మహిమ ఒక్కటీ లేదు. అనుపమ్ సిన్హా తానే కథ రాసి తానే బొమ్మలు గీసిన ఈ కుర్రవాడు జూపిటర్ సర్కస్‌లో ఊయల విన్యాసాలు చేసే శ్యామ్, రాధ దంపతుల కొడుకు. పోటీ సర్కస్ వారి కుట్రలో సర్కస్ తగలబడి తల్లిదండ్రులు పోయాక, పోలీసు అధికారి రాజన్ మెహ్రా అతన్ని ఇంటికి తెచ్చుకొని పెంచాడు. సర్కస్‌లో నేర్చిన మోటారు సైకిలు విద్య, పశుపక్ష్యాదులతో మాట్లాడగల నేర్పు, బడిలో నేర్చిన భౌతిక, రసాయన శాస్త్రాలు, ఇవే అతని ఆయుధాలు. శబ్దంతో విధ్వంసం చేసే ధ్వనిరాజ్ ఎదురైనా, ప్రాణాలు తీసే ఆటబొమ్మలు తయారుచేసే బౌనా వామన్ ఎదురైనా, చేతికందిన వస్తువుతో, తెలిసిన సూత్రంతో గెలవడం అతని పద్ధతి. కండబలంతో గెలిచే కథలే ఎక్కువగా ఉన్న రోజుల్లో ఇది చిన్న మార్పు కాదు. అతని కమాండో ఫోర్స్ సభ్యులు పీటర్, కరీమ్, రేణు. ఆ పేర్లలోని కలయిక గురించి తొలినాటి సంచికల్లో ఉపన్యాసం ఒక్కటైనా చదివిన గుర్తు నాకు లేదు. బహుశా అందుకే అది పిల్లల మనసులో సహజంగా నిలిచింది. చెల్లెలు శ్వేత తన ప్రయోగశాలలో పరికరాలు తయారుచేసుకొని, అన్నకు తెలియకుండా చండికగా వేషం మార్చి అతని సాయానికే వస్తుంది. హిందీ పట్టణాల్లో ఆడపిల్లలు కూడా ఈ పుస్తకాల కోసం ఎదురుచూడడానికి ఆమె ఒక కారణమని నా అభిప్రాయం.

'రోమన్ హత్యారా', 'మౌత్ కా ఓలంపిక్', 'బర్ఫ్ కీ చితా', 'గ్రాండ్ మాస్టర్ రోబో', 'ఖూనీ ఖిలౌనే', 'చుంబా కా చక్రవ్యూహ్' వంటి సంచికలతో రాజ్‌నగర్ అనే కల్పిత నగరం పాఠకులకు తమ ఊరంత పరిచయమైంది. తరువాత నాగరాజ్‌తో కలిసి నడిచిన కథలు, 'రాజ్‌నగర్ కీ తబాహీ', 'కోహరామ్' వంటి భారీ విశేషాంకాలు వచ్చాయి. ఇటీవలి దశలో ధ్రువ గతాన్ని తిరిగి తవ్విన 'బాల్‌చరిత్' వరుస వచ్చింది. ధ్రువ కథలు సాగుతున్న కాలంలోనే ఇంద్రజాల్ కామిక్స్ 1990లో ఆగిపోయింది. టీవీ చానళ్ళు ఇంటింటికీ చేరాక మనోజ్ కామిక్స్, తులసీ కామిక్స్ వంటివి మూతపడ్డాయి. ధ్రువ మిగిలాడు. అంతకాలం నిలిచిన వరుస కనుకనే, హిందీ ప్రాంతపు చిన్న పట్టణాల్లో 1980ల చివరి నుంచి పిల్లలు ఏమి చదివారు, విజ్ఞానాన్ని ఎలా ఊహించుకున్నారు, నగరాన్ని ఎలా చూశారు అన్నది తెలుసుకోవడానికి ఇంతకంటే నేరుగా ఉపయోగపడే ఆధారాలు తక్కువ.

ఇక ఆ ఆధారాల స్థితి చెబుతాను. ఈ పుస్తకాలు అచ్చయింది చౌక కాగితం మీద. అందులోని ఆమ్లం వల్ల ఏళ్ళు గడిచేకొద్దీ అది గోధుమరంగుకు తిరిగి, మడతపెట్టిన చోట విరిగిపోతుంది. పైగా ఈ కామిక్స్ కొని చదివినవారికంటే అద్దెకు తెచ్చుకొని చదివినవారే ఎక్కువ. పేటకో అద్దె దుకాణం ఉండేది. రోజుకు అర్ధ రూపాయికో రూపాయికో ఇచ్చేవారు. అట్ట ఊడిపోకుండా దుకాణదారు దబ్బనంతో దారం కుట్టేవాడు. ఒక్కొక్క ప్రతి వందల చేతులు మారింది. ఆ దుకాణాలు మూతపడ్డప్పుడు ఆ కట్టలు తూకానికి చిత్తు కాగితాల వాళ్ళకు వెళ్ళాయి. అందుచేత ఎంత ఎక్కువమంది చదివిన సంచిక అయితే అంత తక్కువ మిగిలింది. వేలాదిగా అచ్చయ్యాయి కదా, ఎక్కడో ఒకచోట ఉంటాయిలే అన్న ధీమా ఈ విషయంలో పనికిరాదు.

అలా జరగకూడదనే చట్టం ఉంది. 1954 నాటి పుస్తకాల అప్పగింత చట్టం ప్రకారం, దేశంలో అచ్చయిన ప్రతి పుస్తకాన్నీ ప్రచురించిన 30 రోజుల్లోగా ప్రచురణకర్త తన ఖర్చుతో కోల్‌కతాలోని జాతీయ గ్రంథాలయానికి, మరో మూడు గ్రంథాలయాలకు పంపాలి. చెన్నైలోని కన్నెమరా, ముంబయిలోని సెంట్రల్ లైబ్రరీ, ఢిల్లీ పబ్లిక్ లైబ్రరీ ఆ మూడు. ఏ భాషలో ఉన్నా, చిన్న కరపత్రమంత ఉన్నా చట్టం దృష్టిలో అది పుస్తకమే. కామిక్స్‌కు మినహాయింపు లేదు. పంపకపోతే విధించగల జరిమానా 50 రూపాయలు, దానితోపాటు ఆ పుస్తకం ధర. నేటి రోజుల్లో నాలుగు చోట్లకు పార్శిల్ పంపే ఖర్చే అంతకంటే ఎక్కువ అవుతుంది. ధ్రువను ప్రచురించిన సంస్థ చిరునామా ఢిల్లీలోని బురాడీ. ఆ నాలుగింటిలో ఒక గ్రంథాలయం అదే నగరంలో ఉంది. అయినా ధ్రువ సంచికల్లో ఏవి ప్రభుత్వ అల్మారాల్లో ఉన్నాయో, ఏవి లేవో చెప్పే జాబితా సాధారణ పాఠకుడికి దొరకడం లేదు.

దీనివల్ల ఎవరికి ఏ నష్టం జరుగుతోందో వివరిస్తాను.

1. మొదటి నష్టం కాలక్రమానిది. పాత సంచికల్లో చాలావాటి మీద వరుస సంఖ్య, ధర, హక్కుల ప్రకటన ఉంటాయి కాని అచ్చయిన సంవత్సరం ఉండదు. ఏ కథ ఏ ఏడాది వచ్చిందో తెలుసుకోవడానికి అభిమానులు వెనక అట్ట మీది 'రాబోయే సెట్' ప్రకటనలను, ధర మారిన తీరును, పాఠకుల ఉత్తరాల పుటల్లోని ప్రస్తావనలను ఒకదానితో ఒకటి పోల్చి లెక్క కట్టుకుంటున్నారు. ఏళ్ళ తరబడి జీతం లేకుండా సాగుతున్న ఈ శ్రమకు నేను నమస్కరిస్తున్నాను. కాని హిందీ బాలసాహిత్యం మీదో, భారతీయ చిత్రకథల మీదో పరిశోధన చేసే విద్యార్థి 'ఒక అభిమాని చెప్పారు' అని తన సిద్ధాంత గ్రంథంలో రాసుకోలేడు. మార్గదర్శకుడు ఆధారం అడుగుతాడు. ఆధారం లేనందువల్ల ఆ విద్యార్థి వేరే అంశం ఎంచుకుంటాడు. ఆ విధంగా ఈ చరిత్ర రాయబడకుండానే మిగిలిపోతుంది. తేదీ లేకపోతే ఇంకొక చిక్కు కూడా ఉంది. ఒక ఊహ ముందు ఎవరికి వచ్చింది, ఏ పాత్ర ఏ పాత్రను చూసి పుట్టింది అన్న ప్రశ్నకు న్యాయమైన సమాధానం ఎన్నటికీ దొరకదు.

2. రెండవ నష్టం పనిచేసినవారిది. ధ్రువ అనగానే అనుపమ్ సిన్హా పేరు చెప్పుకుంటాము, అది న్యాయమే. కాని మొదటి పుట అడుగున చిన్న అక్షరాల్లో మరికొన్ని పేర్లు ఉంటాయి. ఆ తరం పాఠకులకు అవి కంఠతా వచ్చు: తరువాతి సంచికల్లో కథ జాలీ సిన్హా, ఇంకింగ్ వినోద్ కుమార్, సులేఖ్ (చేత్తో రాసే అక్షరాలు) మరియు రంగులు సునీల్ పాండేయ్, సంపాదకుడు మనీష్ గుప్తా. పెన్సిలు గీతకు సిరాతో బలమిచ్చినవారు, ప్రతి మాటల బుడగలోనూ చేత్తో అక్షరాలు రాసినవారు, రంగులు నింపినవారు లేకుండా ఒక్క సంచిక కూడా బయటికి రాలేదు. పునర్ముద్రణలో ఆ పుట మారినా, ఆ పేర్ల వరుస తొలగినా, అసలు ప్రతి ఎక్కడా భద్రంగా లేకపోతే, తాము ఆ పని చేశామని చూపుకోవడానికి వారికీ వారి పిల్లలకూ ఏమి మిగులుతుంది? 1957 నాటి కాపీరైటు చట్టంలోని 57వ సెక్షను, హక్కులు అమ్ముకున్న తరువాత కూడా 'ఈ కృతి నాది' అని చెప్పుకునే అధికారాన్ని రచయితకు, చిత్రకారుడికి మిగిల్చింది. ఇంకింగ్ చేసినవారు, సులేఖ్ రాసినవారు ఆ సెక్షను కింద కర్తలు అవుతారా కారా అన్నది న్యాయవాదులు తేల్చవలసిన విషయం. వారి పేరు అచ్చువేయడానికి మాత్రం ఏ న్యాయస్థానం తీర్పూ అక్కరలేదు.

3. మూడవది పాఠకుడి జేబుకు పడే చిల్లు. కొద్ది రూపాయలకు అమ్ముడైన తొలి ముద్రణలు నేడు సేకర్తల మధ్య దానికి ఎన్నో రెట్ల ధరకు చేతులు మారుతున్నాయి. అమ్మేవారిని నేను తప్పుపట్టను, అది వారి సరుకు. కాని ఒకప్పుడు రోజుకు అర్ధ రూపాయి అద్దె కట్టి చదివిన మనిషి, ఈనాడు తన కూతురికి అదే కథ చూపించాలనుకుంటే అది స్తోమత ఉన్నవారి సరదాగా మారిపోయింది. ప్రజా గ్రంథాలయం అనేది ఉన్నదే ఈ తేడాను తగ్గించడానికి.

4. అధికారికంగా దొరకని చోట దొంగ స్కాన్లు చెలామణి అవుతాయి. వాటివల్ల ప్రచురణకర్తకు పైసా రాదు, చిత్రకారుడికి అసలే రాదు. చదివేవాడికైనా నిండు పుస్తకం దక్కుతుందా అంటే అదీ లేదు. స్కాన్ చేసేవారు కథ ఉన్న పుటలు ఉంచుకొని ప్రకటనలు, ఉచిత స్టిక్కర్ల చీటీలు, రాజ్ కామిక్స్ ప్రచురణకర్తల్లో ఒకరైన సంజయ్ గుప్తా పాఠకులతో మాట్లాడిన 'గ్రీన్ పేజ్' వంటివి వదిలేయడం మామూలు. చరిత్రకారుడికి కథ కంటే ఆ పుటలే ఎక్కువ చెబుతాయి. ఏ ఊరి పిల్లవాడు ఏమి అడిగాడో, ప్రచురణకర్త ఏ ధర పెంపును ఏ మాటలతో సమర్థించుకున్నాడో ఉండేది అక్కడే.

5. చివరగా, చిన్న పట్టణాల పిల్లలు. ప్రభుత్వ గ్రంథాలయంలో తమకు నచ్చిన పుస్తకం ఒక్కటీ లేదని తెలిశాక వారు రెండవసారి ఆ గుమ్మం ఎక్కరు.

'ఇవి పిల్లల కాలక్షేపపు పుస్తకాలు, వీటికి ఇంత హంగామా ఎందుకు' అని ఒక అధికారి అనవచ్చునని నాకు తెలుసు. తెలుగువారికి ఈ మాట కొత్త కాదు. 1947 జులైలో మద్రాసులో మొదలైన చందమామ విషయంలోనూ ఇదే మాట వినిపించేది. హిందీ చందమామ కూడా ఆ ఇంటి నుంచే వెళ్ళేది. పత్రిక ఆగిపోయాక, పాత సంచికలు కావలసినవారు చివరికి ఆశ్రయించింది పాఠకులు దాచుకున్న కట్టలనే. పాఠకులు దాచకపోయి ఉంటే ఏమయ్యేదో ఊహించుకోవడం కష్టం కాదు. ఒక గొప్ప పత్రిక విషయంలో అదృష్టం మీద ఆధారపడ్డాము. హిందీ కామిక్స్ విషయంలో కూడా అదే అదృష్టాన్ని నమ్ముకొని కూర్చోవద్దని మనవి.

'హక్కులు ప్రచురణకర్తలవి, మేము ఏమి చేయగలం' అన్నది గ్రంథాలయాలు చెప్పగల రెండవ సాకు. అదీ నిలవదు. లాభాపేక్ష లేని ప్రజా గ్రంథాలయం, తన దగ్గర ఉన్న ప్రతిని భద్రపరచడానికి ఎలక్ట్రానిక్ రూపంలో నిల్వ చేసుకోవడాన్ని 2012 సవరణ తరువాత కాపీరైటు చట్టంలోని 52వ సెక్షను అనుమతిస్తోంది. దేశంలో అమ్మకానికి దొరకని పుస్తకానికి గ్రంథాలయ అవసరం కోసం మూడు ప్రతులకు మించకుండా నకలు తీసుకోవడానికి కూడా అదే సెక్షనులో వీలుంది. దీనివల్ల ప్రచురణకర్త అమ్మకాలకు ఏ ఇబ్బందీ లేదు. గ్రంథాలయంలో కూర్చొని చదివినవాడు కొత్త ముద్రణ కొనడం మానేస్తాడన్న భయానికి ఆధారం లేదు. నా వంటివారు రెండూ చేస్తారు.

కాబట్టి మా కోరికలు ఇవి.

డిపాజిట్ గ్రంథాలయాల అధికారులు ముందుగా తమ వద్ద ఉన్న ధ్రువ సంచికల జాబితాను, వీలైతే రాజ్ కామిక్స్ సంచికలన్నింటి జాబితాను, పేరు, వరుస సంఖ్యలతో ప్రజలకు తెలిసేలా వెల్లడించాలి. 'వివిధ కామిక్స్' అని ఒక్క పద్దు కింద కట్టగట్టి రాస్తే అది జాబితా కాదు. లేని సంచికల జాబితాను కూడా అంతే నిజాయితీగా బయటపెట్టాలి. ఆ ఖాళీలను పూరించడానికి పాఠకుల నుంచి విరాళంగా పుస్తకాలు స్వీకరించే పద్ధతి ఒకటి ప్రకటించాలి. బైండు చేయని, అట్ట చిరిగిన ప్రతులను తిప్పి పంపకూడదు, ఎందుకంటే కొన్ని సంచికలకు చివరికి మిగిలేవి అవే. చేతికి వచ్చిన ప్రతిని అట్ట నుంచి అట్ట దాకా, ప్రకటనలతో, ఉత్తరాల పుటలతో సహా స్కాన్ చేసి, గ్రంథాలయ ఆవరణలో ఎవరైనా చదువుకునేలా ఉంచాలి.

సాంస్కృతిక మంత్రిత్వ శాఖ 1954 చట్టంలోని జరిమానాను నేటి కాలానికి తగినట్టు సవరించాలి. దానికంటే ముఖ్యంగా, చిన్న ప్రచురణకర్తకు నాలుగు చోట్లకు పంపే ఖర్చును ప్రభుత్వమే భరించే ఏర్పాటు చేయాలి. శిక్ష భయం కంటే తపాలా ఖర్చు మాఫీ బాగా పనిచేస్తుందని నా నమ్మకం. ముద్రణ లేకుండా నేరుగా డిజిటల్ రూపంలో వచ్చే కామిక్స్‌ను అప్పగించే నిబంధన కూడా ఈ సవరణలోనే చేర్చాలి. లేకపోతే రేపటి చరిత్రకు కాగితపు ముక్క కూడా మిగలదు.

ప్రచురణకర్తలకు మా విన్నపం కొంచెం సున్నితమైనది. రాజ్ కామిక్స్ పేరు నేడు దాన్ని నడిపిన గుప్తా సోదరుల పేర్లతో వేర్వేరు ముద్రల (ప్రచురణ పేర్ల) కింద నడుస్తోంది. వ్యాపారం ఎలా పంచుకోవాలన్నది పూర్తిగా మీ ఇంటి విషయం, అందులో పాఠకుడికి మాట లేదు. కాని చరిత్రను వాటాలు వేయలేము. అన్ని ముద్రలవారూ కలిసి ఒకే ఒక ఉమ్మడి పట్టిక వెలువరించండి. ప్రతి సంచికకు పేరు, వరుస సంఖ్య, తొలిముద్రణ సంవత్సరం, కథ, చిత్రాలు, ఇంకింగ్, సులేఖ్, రంగులు చేసినవారి పేర్లు అందులో ఉండాలి. మీ లెక్కల పుస్తకాల్లో, ప్రెస్సు బిల్లుల్లో ఈ తేదీలు ఇంకా దొరికే కాలం ఇదే. ఇకమీదట ప్రతి పునర్ముద్రణ మీద 'తొలిముద్రణ ఫలానా సంవత్సరం' అని ఒక్క వరుస వేయండి, అసలు పేర్ల పుటను యథాతథంగా ఉంచండి. రంగులు మార్చినా, మాటలు దిద్దినా ఆ సంగతి చెప్పండి. చేత్తో గీసిన అసలు బొమ్మల్లో ఎన్ని మిగిలాయో, ఎక్కడ ఉన్నాయో తెలియజేయండి. విడిగా అమ్మదలచుకుంటే, అమ్మేముందు మంచి స్కాన్ ఒకటి తీయించి ఏదైనా డిపాజిట్ గ్రంథాలయంలో ఉంచండి. ఆనాడు ఆ గదుల్లో బల్లల ముందు కూర్చొని పనిచేసినవారిలో చాలామంది వయసు మీద పడుతున్నవారే. వారి జ్ఞాపకాలను వారి మాటల్లోనే రికార్డు చేయించడానికి పెద్ద ఖర్చేమీ కాదు.

ఈ లేఖ హిందీ ప్రతిని సంబంధిత కార్యాలయాలన్నింటికీ తపాలాలో పంపుతున్నాను. మూడు నెలల్లోగా లిఖితపూర్వకమైన జవాబు ఇవ్వవలసిందిగా కోరుతున్నాను. జవాబు రాకపోతే, డిపాజిట్ గ్రంథాలయాల్లో ఏ సంచికలు ఉన్నాయో తెలుపమని సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి, వచ్చిన సమాచారాన్ని ఉన్నదున్నట్టు ప్రచురిస్తాను. తెలుగు పాఠకుల్లో ఎవరి ఇంట్లోనైనా అట్ట ఊడిన ధ్రువ సంచిక ఉంటే, దయచేసి దాన్ని తూకానికి వేయకండి. దాని మొదటి పుటను, చివరి అట్టను ఫోటో తీసి, వరుస సంఖ్య, ధర రాసి పెట్టుకోండి. గ్రంథాలయాలు విరాళాలు తీసుకునే పద్ధతి ప్రకటించిన రోజున అది అవసరమవుతుంది.

ఇట్లు,
భవదీయుడు,
బిలాస్‌పూర్ రైల్వే కాలనీలో పెరిగి సికింద్రాబాదులో స్థిరపడిన ఒక పాఠకుడు